గొలుసునాడు క్యాలెండర్: 14 నెలలు పెట్టిన, పదేండ్లకే నాట్ల నెల కోతల్లోకి పోయింది

తూముకాడ
కథ కోసం ఒక దేశం కట్టుకుంటున్న, పేరు గొలుసునాడు. గుట్టల నడుమ ఐదు చెరువులు. పైచెరువు మత్తడి దుంకితే ఆ నీళ్లు కింది చెరువుకు, అది నిండితే దాని కిందిదానికి. పాకాల, రామప్ప, లక్నవరం చెరువుల దిక్కు చూసి పుట్టిన ఊహనే, కానీ గ్రహం వేరు. లెక్కలు ఇవి:

రోజు మన రోజంతే. ఏడాది 373.30 రోజులు. చంద్రుడు ఒక్కడే, అమాసకు అమాసకు 26.80 రోజులు. నెలలు 14. వారానికి 5 రోజులు, రోజుకో చెరువు కట్ట మీద అంగడి. నక్షత్రాలు 27. పెద్దచెరువు మత్తడి దుంకిన రోజు కొత్త ఏడాది. మన తీరుగనే మూడేండ్లకోసారి అధికమాసం పెట్టిన. రోజుల లెక్క రాసేది నీరడి, తూము తీసేది మూసేది కూడా ఆయనే.

కథ 40 ఏండ్లు నడుస్తది. పదో ఏడుకే నాట్ల నెల పోయి పోయి కోతల టైంల పడ్డది. ఎక్కడ తప్పింది?

పంచాంగం_పోరడు
అధికమాసంలోనే తప్పింది. మనం నెల ఎందుకు కలుపుతం? 29.53 చొప్పున 12 చాంద్రమాసాలు 354.37 రోజులు. సూర్యుడి ఏడాది కంటే దాదాపు 10.9 రోజులు తక్కువ. ఆ లోటు మూడేండ్లలోపు ఒక నెలంత అవుతది, అప్పుడొక నెల కలుపుతం.

నీ లెక్క చూడు. 14 × 26.8 = 375.2. ఏడాది 373.3. నీకు లోటు లేదు, ఏడాదికి 1.9 రోజులు మిగులు. మిగులు మీద మళ్లా మూడేండ్లకో నెల కలిపితే సగటు ఏడాది 384 రోజులు దాటింది. పదేండ్లలో 108 రోజుల తేడా. 120 రోజుల వరి అయితే నాట్లకూ కోతలకూ మధ్య ఉండేది అంతకంటే తక్కువే గదా.

నీకు కావల్సింది నెల కలపడం కాదు, నెల తీసేయడం.

తూముకాడ
నెల తీసేయడమా! అది అసలు తట్టలేదు. ఎన్నేండ్లకు ఒకటి తియ్యాలె?

ఎక్సెల్_ఎల్లన్న
26.8 ÷ 1.9 = 14.1. అంటే 14 ఏండ్లకొకటి. షీట్‌లో వేసి చూసిన, లెక్క ముచ్చటగా కుదిరింది:

14 సౌర ఏండ్లు = 5226.2 రోజులు
195 నెలలు (14 × 14 లో ఒకటి తీసేస్తే) = 5226.0 రోజులు

తేడా 14 ఏండ్లకు 0.2 రోజు. 70 ఏండ్లకు ఒక్క రోజు.

నెలకు 26.8 అంటే రోజుల్లో ఎట్ల పంచాల్నంటే 27, 27, 27, 27, 26. ఈ ఐదు నెలలు కలిపితే 134, సగటు సరిగ్గా 26.8. 195 నెలలంటే ఇసొంటి ఐదుల గుంపులు 39. 39 × 134 = 5226. ఎక్కడా అర రోజు మిగలదు.

ఏ నెల ఏ రోజు మొదలైతదో తెల్వాలంటే: నెల సంఖ్యను సున్నా నుంచి లెక్కపెట్టు, 134తో గుణించి 5తో భాగించు, భిన్నం వస్తే పైకి సవరించు. 0, 27, 54, 81, 108, 134 వస్తయి. కిందికి సవరిస్తే 26 రోజుల నెల ముందుకొస్తది. రెండూ తప్పు కావు, కానీ ఒకటి పట్టుకుంటే చివరిదాకా అదే పట్టుకో. సగం అధ్యాయాలు అట్ల, సగం ఇట్ల చేస్తే తేదీలు ఒక రోజు అటు ఇటు అయితయి, ఎక్కడ అయినయో దొరకదు.

మడికట్టు
నెలల ముచ్చట తర్వాత. మత్తడి దుంకిన రోజు కొత్త ఏడాది అన్నవు. దాంట్లో నాలుగు చిక్కులున్నయి.

ఒకటి, గొలుసుకట్టులో పై చెరువు ముందు నిండుతది, ఆఖరి చెరువు చాలా రోజుల తర్వాత నిండుతది. ఏ ఊరి కొత్త ఏడాది ఆ ఊరిదే అయితది. పెద్దచెరువు ఒక్కటే లెక్క అంటే, ఆ కబురు మిగతా నాలుగు ఊర్లకు ఎట్ల చేరాలె?

రెండు, కరువు ఏడు చెరువు నిండదు. మత్తడి దుంకదు. అప్పుడు పాత ఏడే నడుస్తదా?

మూడు, తూము ఎంత తీసి పెట్టిన్రన్న దాని మీద నిండే రోజు మారుతది. తూము నీరడి చేతుల ఉన్నది, లెక్క కూడా ఆయన చేతులనే ఉన్నది. కొత్త ఏడాది ఆపాలన్నా తేవాలన్నా ఆయన తూము తిప్పితే సరి.

నాలుగోది అందరూ మరిచిపోయేది, పూడిక. ఏటా ఒండ్రు చేరి చెరువు లోతు తగ్గుతది. అంతే వాన పడ్డా ఏటేటా ముందుగనే మత్తడి దుంకుతది. పూడిక తీసిన ఏడు మళ్లా ఆలస్యం అయితది. మన దగ్గర మిషన్ కాకతీయ 2015లో మొదలైనప్పుడు చేసింది ఇదే పని గదా, పూడిక తీస్తే చెరువు ఎక్కువ పట్టుతది. నీ గొలుసునాడులో వందేండ్లు పూడిక తియ్యకపోతే కొత్త ఏడాది దానంతటదే ముందుకు జరుగుతది. ఇది చంద్రుడి తప్పు కాదు, సూర్యుడి తప్పు కాదు, మట్టి చేసిన పని.

కథలకచ్చీరు
పూడిక వల్ల పండుగ జరగడం! తూముకాడ అన్నా, దీన్ని వదలకు. దీని మీదనే ఒక అధ్యాయం నిలబడుతది.

కార్తెలక్క
మడికట్టు తమ్మి చెప్పింది నిజం. ఇంకొక మాట. రైతు నెలను చూసి దుక్కి దున్నడు. మన దగ్గర చైత్రం, వైశాఖం ఉన్నయి, కానీ విత్తనం మాట రాంగనే రోహిణి, మిరుగు, ఆరుద్ర అంటరు. కార్తె అంటే సూర్యుడు ఒక నక్షత్రంల ఉండే కాలం. 27 కార్తెలు, ఒక్కోటి 13, 14 రోజులు. మిరుగు ఎప్పుడు వస్తదంటే జూన్ 7, 8 దగ్గర. అధికమాసం వచ్చినా రాకున్నా అది కదలదు. చంద్రుడి లెక్క పండుగకు, సూర్యుడి లెక్క పొలానికి. మనం రెండూ ఒక్క పంచాంగంల మోస్తున్నం.

గొలుసునాడుకు కూడా రెండూ పెట్టు. 373.3ని 28 పాళ్లు చేస్తే ఒక్కోటి 13.33 రోజులు, మన కార్తె అంత. అప్పుడు నెల తీసేసిన ఏడు కూడా రైతుకు గాబరా ఉండదు. నెల ఏదైనా, నారు పోసేది ఫలానా పాలుల అని రైతుకు తెలుసు.

పంచాంగం_పోరడు
కార్తెలక్క మాటతో నా పని సులువైంది. ఏ నెల తీసెయ్యాల్నో ఎవరు నిర్ణయిస్తరు అన్నదానికి జవాబు అక్కడే ఉన్నది.

28 పాళ్లలో రెండేసి కలిపితే 14 సౌరమాసాలు, ఒక్కోటి 26.664 రోజులు. చాంద్రమాసం 26.8. సౌరమాసం రవ్వంత చిన్నది. కాబట్టి మామూలుగా ఒక చాంద్రమాసంలో ఒక సంక్రమణం (సూర్యుడు ఒక సౌరమాసం దాటి ఇంకోదాంట్లకు పోయే ఘడియ) పడుతది, దాని పేరే ఆ నెలకు పెడతరు. ఎప్పుడో ఒకసారి ఒకే చాంద్రమాసంలో రెండు సంక్రమణాలు ఇరుక్కుంటయి. అప్పుడు ఒక పేరు ఎగిరిపోతది. అదే క్షయమాసం.

మన పంచాంగంలో సూత్రం ఇదే. సంక్రమణం లేని నెల అధికం, రెండున్న నెల క్షయం. మనకు అధికం మామూలు, క్షయం అరుదు: 1963-64లో ఒకటి, 1982-83లో ఒకటి, ఇగ 2123-24లోనే. ఎందుకంటే మన సౌరమాసం సగటున చాంద్రమాసం కంటే పెద్దది. జనవరి మొదట్లో భూమి సూర్యుడికి దగ్గరగా ఉండి వేగంగా తిరుగుతది, ఆ చలికాలం నెలల్లోనే సౌరమాసం చాంద్రమాసం కంటే చిన్నదయ్యే వీలుంటది. గొలుసునాడులో తిరగబడ్డది, క్షయం మామూలు, అధికం అరుదు. నీ గ్రహం కక్ష్య బాగా కోలగా ఉంటే ఒక్కోసారి అధికం కూడా వస్తది, దానికి బదులు ఇంకో క్షయం వస్తది. మొదటి పుస్తకానికి కక్ష్యను గుండ్రంగనే ఉంచుకో.

పేర్లపిచ్చి
నెల పేరు ఎగిరిపోతదంటే పేర్లు జాగ్రత్తగా పెట్టాలె. కోతల నెల అని పెట్టి, ఆ ఏడు కోతల నెలనే లేదంటే? ఎగిరిపోయిన పేరును పారేయకుండా రెండు పేర్లూ కలిపి పిలిస్తే బాగుంటది: నారునాటు నెల, పొట్టకోత నెల. అందరూ దాన్ని "జంటనెల" అంటరు.

తూముకాడ
జంటనెల. తీసుకున్న. ఆ నెలల పుట్టిన పిల్లల పుట్టినరోజు?

పేర్లపిచ్చి
పగలు పుట్టినోళ్లు మొదటి పేరుకు, రాత్రి పుట్టినోళ్లు రెండో పేరుకు. కవలలు ఒకరు పొద్దుగూకక ముందు, ఒకరు పొద్దుగూకినంక పుడితే ఇద్దరి పుట్టినరోజులకు నడుమ ఒక నెల.

నీడగడియ
సంక్రమణం, సంక్రమణం అంటున్నారు. వాళ్లు దాన్ని కొలిచేది దేనితో? పుస్తకం లేని కాలం అయితే నిలువు కర్ర నీడతోనే. దాంట్లో ఏది పట్టుబడుతుందో, ఏది పట్టుబడదో చెప్తాను.

చదునైన నేల మీద కర్ర నిలువుగా పాతాలి. దాని మొదలు కేంద్రంగా తాడుతో వలయం గీయాలి. పొద్దున నీడ కొస వలయాన్ని తాకినచోట ఒక గుర్తు, సాయంత్రం మళ్లీ తాకినచోట ఒక గుర్తు. రెంటినీ కలిపితే తూర్పు పడమర గీత. దానికి అడ్డంగా గీస్తే ఉత్తరం. ఆ ఉత్తరపు గీత మీద నీడ పడ్డప్పుడు మిట్టమధ్యాహ్నం, అప్పటి నీడ పొడుగునే రోజూ కొలవాలి.

వరంగల్ దాదాపు 18 డిగ్రీల అక్షాంశం. ఇక్కడ 6 అడుగుల కర్రకు విషువత్తు (పగలూ రాత్రీ సమానంగా ఉండే రోజు) నాడు నీడ దాదాపు 2 అడుగులు, రోజుకు అర అంగుళం చొప్పున మారుతుంది. చేత్తో కొలవొచ్చు. డిసెంబర్ అయనాంతం (సూర్యుడు దక్షిణపు కొసకు చేరి వెనుదిరిగే రోజు) దగ్గర నీడ 5 అడుగుల పైచిలుకు, కానీ ముందు ఐదు రోజుల్లో మొత్తం కలిపినా మారేది అంగుళంలో ఐదో వంతు. నీడ అంచు మసకే అంగుళం ఉంటుంది. అందుకని అయనాంతాన్ని ఏడాది మొదలుగా పెట్టుకుంటే వారం రోజులు అటు ఇటు అవుతుంది. విషువత్తు పెట్టుకోండి. అయనాంతమే కావాలంటే దానికి 40 రోజుల ముందు నీడకు గుర్తు పెట్టి, మళ్లీ అదే పొడుగుకు వచ్చిన రోజుదాకా లెక్కపెట్టి, సగం చేయాలి.

మన దగ్గర ఇంకో సంగతి ఉంది. మే రెండో వారంలో ఒకసారి, ఆగస్టు మొదట్లో ఒకసారి సూర్యుడు సరిగ్గా నడినెత్తిన ఉంటాడు. కర్రకు నీడ ఉండదు. ఆ రెంటి మధ్య నీడ దక్షిణానికి పడుతుంది. గొలుసునాడు కూడా ఇలాంటి అక్షాంశంలోనే ఉంటే మొదటి నీడలేని రోజు చాలా మంచి గుర్తు. రెండోది వానాకాలంలో పడి మబ్బుల్లో కలిసిపోతుంది.

మడికట్టు
ఇది ఖాయం చెయ్యి తూముకాడ. లెక్క ఏడాది నీడలేని రోజుకు మొదలు, అది ఎండకాలంల పడుతది, మబ్బు గొడవ తక్కువ. మత్తడి ఏడాది వేరే, అది పండుగ. కరువు ఏడు లెక్క ఏడాది వస్తది, మత్తడి పండుగ రాదు.

ములుగుబాట
లెక్క ఎవరు ప్రకటిస్తరు అన్నది కూడా ఆలోచించున్రి. మేడారం జాతర చూడున్రి. రెండేండ్లకోసారి, మాఘ పున్నమి దగ్గర, బుధవారం మొదలై శనివారం దాకా. తేదీలు పూజారులు ప్రకటిస్తరు. పున్నమి ఏ వారమైనా పడొచ్చు, జాతర బుధవారమే మొదలు కావాలె. చంద్రుడినీ వారాన్నీ కలిపి నడిపే లెక్క అది.

మొదలైన రోజులు: 2020 ఫిబ్రవరి 5, 2022 ఫిబ్రవరి 16, 2024 ఫిబ్రవరి 21, 2026 జనవరి 28. మధ్యల రోజులు లెక్కపెడితే 742, 735, 707. మూడూ 7తో నిశ్శేషంగా పోతయి. మొదటి రెండు అంతరాల్లో ఒక్కో అధికమాసం ఉన్నది (2020ల ఆశ్వయుజం, 2023ల శ్రావణం). మూడో దాంట్ల లేదు, అందుకే అంత తగ్గింది. మీ గొలుసునాడుల కూడా "రెండేండ్లకోసారి" అంటే ఒక్కటే అంకె రాయకున్రి. మామూలుగా 28 నెలలు, జంటనెల నడుమ పడితే 27.

ఎక్సెల్_ఎల్లన్న
ములుగుబాట అన్న అంకెలు సరిచూసిన, మూడూ కరెక్టు. అన్నట్టు వారం ముచ్చట వచ్చింది గనుక, నాదొక సలహా. 5 రోజుల వారం తీసేసి 6 పెట్టు. 5226 ÷ 6 = 871, సరిగ్గా పోతది. ప్రతి 14 ఏండ్ల చక్రం అదే వారంతో మొదలైతది. ఒక్క చక్రానికి క్యాలెండర్ గీస్తే ఎప్పటికీ అదే పనికొస్తది. 5 అయితే 1045 వారాలు పోను ఒక రోజు మిగులుతది.

తూముకాడ
ఐదు చెరువులకు ఐదు అంగళ్లు అనుకున్న గదా. ఆరో రోజు సెలవు పెట్టాల్నా?

శాసనాలరాయి
వద్దు, ఐదే ఉంచండి. ఎల్లన్న గారు మిగులు అన్న ఆ ఒక్క రోజే మీకు సొమ్ము.

వేయిస్తంభాల గుడి శాసనంలో తేదీ ఎలా ఉందో చూడండి: శక 1084, చిత్రభాను సంవత్సరం, మాఘ శుద్ధ 13, వడ్డవారం. వడ్డవారమంటే శనివారం. లెక్క వేస్తే 1163 జనవరి 19 వస్తుంది, అది శనివారమే. రామప్ప శాసనం: శక 1135, శ్రీముఖ, చైత్ర శుద్ధ 8, ఆదివారం. 1213 మార్చి 31, అదీ సరిపోతుంది. శక సంఖ్య ఒక లెక్క, 60 ఏళ్ల పేరు మరో లెక్క, తిథి చంద్రుడి లెక్క, వారం వేటితోనూ సంబంధం లేని లెక్క. రాతిలో ఒక అంకె చెరిగిపోయినా మిగతావి దాన్ని పట్టిస్తాయి. తర్వాతి కాలంలో ఎవరైనా పాత తేదీ వేసి దొంగ శాసనం చెక్కితే వారం దగ్గర దొరికిపోయే అవకాశం ఎక్కువ.

ఇప్పుడు మీ లెక్క. 5 రోజుల వారమైతే ప్రతి చక్రంలో అదే తేదీ వారంలో ఒక రోజు ముందుకు జరుగుతుంది. మొదటి చక్రంలో పైచెరువు అంగడి నాడు పడ్డ తేదీ రెండో చక్రంలో రెండో చెరువు అంగడి నాడు పడుతుంది. ఐదు చక్రాలకు, అంటే 70 ఏళ్లకు, మళ్లీ మొదటికి. కాబట్టి రాతి మీద చక్రం సంఖ్య లేకపోయినా, చక్రంలో ఏడు, నెల, రోజు, అంగడి ఉంటే 70 ఏళ్లలో అది ఏ రోజో ఒక్కటే తేలుతుంది. 6 పెడితే వారం ఏ సంగతీ చెప్పదు.

కథలకచ్చీరు
70 ఏండ్ల పెద్దచక్రం, మన ప్రభవ నుంచి అక్షయ దాకా 60 ఏండ్ల లెక్క. "పెద్దచక్రం తిరిగి చూసిన మనిషి" అంటే ఊర్లో ఒకరో ఇద్దరో.

ఎక్సెల్_ఎల్లన్న
శాసనాలరాయి గారు చెప్పినంక నా 6 వాపస్ తీసుకుంటున్న. 5 మంచిది.

పైగా ఇందాక 70 ఏండ్లకు ఒక్క రోజు తేడా అన్న చూడు. సూర్యుడికి 26131 రోజులు, మన లెక్కకు 26130. ఆ ఒక్క రోజును పెద్దచక్రం చివర పెట్టి, దానికి అంగడి లేకుండ, నెల పేరు లేకుండ వదిలెయ్యొచ్చు. ఐదు చెరువుల తూములూ ఆ రోజు బంద్.

పంచాంగం_పోరడు
ఆ రోజు పెడితే సూర్యుడు సరిపోతడు, చంద్రుడు తప్పుతడు. 975 నెలలు సరిగ్గా 26130 రోజులు. అదనపు రోజు పెట్టినంక అమాస నెల మొదటి రోజు కాకుండా దాని ముందు రోజు పడుతది. ఏడు పెద్దచక్రాలు పోతే, అంటే 490 ఏండ్లకు, నెల మొదటి రోజు సన్నని నెలవంక కాదు, దాదాపు సగం చంద్రుడు ఉంటడు.

పెట్టకపోతే చంద్రుడు సరిగ్గ ఉంటడు, రుతువులు జరుగుతయి. వెయ్యేండ్లకు 14 రోజులు, అంటే కార్తెలక్క చెప్పిన ఒక పాలు అంత. నా ఓటు పెట్టొద్దనే. మన సంక్రాంతి కూడా అదే వేగంతో జరుగుతున్నది. అయనాంతం డిసెంబర్ 21, 22న పోతది, మకర సంక్రాంతి జనవరి 14, 15కు వచ్చింది. నక్షత్రాల ఏడాదికీ రుతువుల ఏడాదికీ 20 నిమిషాల తేడా, 70, 71 ఏండ్లకు ఒక రోజు. దిక్కు మాత్రం వేరు: మన లెక్కలో రుతువు తేదీకి ముందు వస్తది, గొలుసునాడులో తేదీ ముందు వచ్చి రుతువు వెనుక వస్తది.

మడికట్టు
నేను పెట్టాలంటా. నీటి వాటాలు తేదీతో ముడిపడి ఉంటయి. ఫలానా తేదీ నుంచి యాసంగి తూము అని రాసుకున్నోళ్లకు వెయ్యేండ్లు కాదు, మూడు వందల ఏండ్లల్ల నాలుగు రోజులు జరిగినా నారు ఎండుతది. పున్నమి ఒక రోజు అటైతే నారు ఎండదు.

కార్తెలక్క
నీటి వాటా నెల తేదీతోటి ఎందుకు రాస్తరు తమ్మీ, నీడ పాలుతోటి (నీడ కొలిచి గుర్తుపట్టే ఆ 28 పాళ్లతోటి) రాస్తరు గదా. అందుకే గదా రెండు లెక్కలు పెట్టుమన్నది.

మడికట్టు
అక్కా, ఆ మాట సరే. అయితే నీడ పాలు రాసేది కూడా నీరడే, తూము తాళం ఆయన దగ్గరే. చూసేటోళ్లు ఇంకొకరు ఉండాలె.

నీడగడియ
ఐదు చెరువుల కట్టల మీద ఐదు కర్రలు పాతించండి. ఒకే పొడుగు. ఐదుగురు నీరడులు ఐదు కొలతలు తెచ్చి పెద్దచెరువు దగ్గర సరిచూస్తే ఎవరి కర్ర వంగిందో, ఎవరి మాట వంగిందో తెలుస్తుంది. కర్ర ఒక్క డిగ్రీ ఉత్తరానికో దక్షిణానికో ఒరిగినా విషువత్తు రెండు మూడు రోజులు తప్పుతుంది. కాబట్టి కర్ర కాదు, రాతి స్తంభం పెట్టి వారానికోసారి గుండు తాడుతో చూడాలి.

తూముకాడ
ఐదు స్తంభాలు ఖాయం. 70 ఏండ్ల రోజు సంగతి ఇంకా తేల్చలేదు, దాని మీద ఊర్లు రెండుగ చీలితే కథకు మంచిదే అనిపిస్తున్నది. పై మూడు చెరువులు పెట్టినయి, కింది రెండు పెట్టలేదు.

శాసనాలరాయి
అలా అయితే, బంద్ రోజు కూడా అంగడి వరుసలోనే ఉంటే, చీలిన తర్వాతి శాసనాల్లో అంగడి ఒకటే, తేదీ మాత్రం ఒక రోజు తేడా ఉండాలి. బంద్ రోజును పై ఊళ్లు అంగడి లేకుండా వదిలాయి, కింది ఊళ్లు దాన్ని మామూలు అంగడి రోజుగా లెక్కపెట్టాయి అనుకుంటే మాత్రం అంగళ్లు కూడా ఒకటి తప్పుతాయి, ఒకే రోజు రెండు కట్టల మీద అంగడి పడుతుంది. వ్యాపారులు ఒప్పుకోరు. ఆ తగవును మొదట తేల్చేది పూజారులు కాదు, వ్యాపారులే అవుతారు.

పంచాంగం_పోరడు
ఇంకోటి మరిచిపోయిన. నక్షత్రాలు 27 అన్నవు తూముకాడా. అది మన దగ్గర నుంచి ఎత్తుకొచ్చిందే. మన చంద్రుడు అదే చుక్క దగ్గరికి మళ్లా రావడానికి 27.32 రోజులు, రోజుకొకటి చొప్పున 27. నీకు ఎంతంటే:

26.8 × 373.3 ÷ (26.8 + 373.3) = 25.005

25 పెట్టాలె. ఇది నువ్వు కావాలని పెట్టినవా?

తూముకాడ
లేదన్నా, ఊరికెనే అంకెలు రాసిన.

ఎక్సెల్_ఎల్లన్న
ఆగు ఆగు. 25 చుక్కలు, 5 రోజుల వారం. 25లో వారాలు సరిగ్గా 5. అంటే చంద్రుడు ఒక చుక్క దగ్గరికి ఈసారి పైచెరువు అంగడి నాడు వస్తే, మళ్లా వచ్చేది కూడా పైచెరువు అంగడి నాడే!

చక్రం మొత్తం వేసిన. 14 ఏండ్లలో చంద్రుడు చుక్కల చుట్టు 209 సార్లు తిరుగుతడు (195 + 14). 209 × 25 = 5225. చక్రం 5226. సరిగ్గా ఒక్క రోజు జరుగుతది. శాసనాలరాయి గారు చెప్పిన ఆ ఒక్క రోజే ఇది.

పంచాంగం_పోరడు
అయితే 5 రోజుల వారం చెరువుల వల్ల పుట్టలేదు, ఆకాశంల ఉన్నది. అంగడి రోజును చంద్రుణ్ణి చూసి చెప్పొచ్చు. ఎర్రచుక్క దగ్గర ఉంటే రేపు పెద్దచెరువు అంగడి, అంతే. చదువు రాని మనిషికి కూడా వారం తెలుస్తది.

ఒక జాగ్రత్త. అసలు చంద్రుడు సమాన వేగంతో పోడు. మన దగ్గరనే ఒక తిథి 19 గంటలూ ఉంటది, 26 గంటలూ ఉంటది. కాబట్టి ఇది సగటు మాట. చక్రం మధ్య ఏండ్లలో "నిన్ననే వచ్చిండు", "లేదు ఇయ్యాల" అని తగవు ఉంటది. చక్రం మారే ఏడుకు అందరూ ఒప్పుకొని చుక్కకు అంగడిని ఒక రోజు జరుపుకుంటరు.

పేర్లపిచ్చి
14 ఏండ్ల చక్రానికి పేరు కుదిరింది. ఎర్రచుక్క ఏ చెరువు అంగడి నాడు తగులుతదో ఆ చెరువు పేరు. "పైచెరువు తరం", "పెద్దచెరువు తరం". వయసు అడిగితే ఏండ్లు చెప్పరు, ఏ తరంల పుట్టిన్రో చెప్తరు.

తూముకాడ
నా చెయ్యి ఆడుతలేదు ఇప్పుడు, మొత్తం మళ్లా రాయాలె. తిథుల సంగతి ఒకటి అడుగుత. మన లెక్క 30 తిథులు పెట్టొచ్చునా?

పంచాంగం_పోరడు
30 పెడితే నెలకు మూడు తిథులకు పైగా సూర్యోదయం చూడకుండనే పోతయి. మనకు 29.53 రోజులకు 30, కాబట్టి సగటున 63 రోజులకు ఒకటి పోతది, అది తట్టుకోవచ్చు. నువ్వు 27 పెట్టు. 27 తిథులు, 26.8 రోజులు. ఐదు నెలలకు ఒక్క తిథి పోతది. ఎల్లన్న చెప్పిన 26 రోజుల నెల ఉన్నది చూడు, ఆ నెలల పోయే రోజు అదే. రెండు లెక్కలు కలిసిపోయినయి.

కార్తెలక్క
తిథి పెడితే పండుగ రోజుల లెక్క కూడా చూసుకో. 2025ల మన బతుకమ్మ పెత్రమాస నాడు సెప్టెంబర్ 21, దుర్గాష్టమి 30. ఏండ్లకేండ్లు తొమ్మిది రోజులనే ఆట, తేదీలు లెక్కపెడితే పది. మధ్యల ఒక తిథి రెండు పొద్దులు చూసింది. తొమ్మిదో రోజు సద్దులనా, అష్టమి నాడు సద్దులనా? గొలుసునాడుల పండుగకు తిథి ముఖ్యమా, రోజుల సంఖ్య ముఖ్యమా ముందే రాసి పెట్టుకో.

కథలకచ్చీరు
జంటనెల వచ్చిన ఏడు గురించి ఎవరూ మాట్లాడలే. ఆ ఏడు 13 నెలలే, 348 రోజులు. ఏడాది జీతానికి ఉన్న జీతగాడికి 27 రోజుల పని తగ్గుతది, సంతోషం. నెల జీతం అయితే ఒక నెల కూలి పోతది. శిస్తు ఏడాదికోసారి గనుక 27 రోజులు ముందే అడుగుతరు, పంట మాత్రం ముందు పండదు. నాగుకు, అంటే గింజల అప్పుకు, వడ్లు తెచ్చుకున్నోళ్ల గడువు కూడా ముందుకొస్తది.

మడికట్టు
ఫసలీ, అంటే శిస్తు కోసం పెట్టిన ఏడాది, పుట్టింది ఇందుకే. హిజ్రీ ఏడాది రుతువులకు ఏటా 11 రోజుల దాకా ముందుకు జరుగుతది, పీరీల పండుగ ఒకప్పుడు వానకాలంల, ఒకప్పుడు ఎండకాలంల వచ్చేది అందుకే. శిస్తు దాంతోటి కట్టమంటే పంట చేతికి రాకముందే కట్టాలె. అందుకని పంటను పట్టుకొని వేరే ఏడాది పెట్టిన్రు. మన రెవెన్యూ లెక్కల్లో ఫసలీ ఇంకా ఉన్నది, 590 కలిపితే మన ఏడాది. ఫసలీ 1434 అంటే 2024 జూలై నుంచి. గొలుసునాడు శిస్తు కూడా నీడ పాలుతోటే రాయించు.

కథలకచ్చీరు
కాదు, మొదట్ల నెలతోటే రాయించు. ఒక జంటనెల ఏడు శిస్తు ముందు అడిగి, జనం తిరగబడ్డంక నీడ పాలుకు మార్చాలె.

తూముకాడ
అట్లనే చేస్త. ఆఖరి ప్రశ్న. కథ చక్రం మొదటి ఏడు నుంచి మొదలైతది. జంటనెల ఎప్పుడు పడుతది? శిస్తు నెల మూడోది, అది జంటనెలల ఇరుక్కోవాలె.

ఎక్సెల్_ఎల్లన్న
చక్రం మొదటి నెలల అమాస తర్వాత ఎన్ని రోజులకు సంక్రమణం పడ్డదన్న దాని మీద ఉంటది. నెలకు 0.136 చొప్పున అది వెనక్కి జరుగుతది, సున్నాకు వచ్చిన నెల జంటనెల. 13.4 పెడితే, అంటే సరిగ్గా పున్నమి నాడు, 99వ నెల జంట. అది 8వ ఏడు మొదటి నెల, మొదటి రెండు పేర్లు కలుస్తయి. నీకు మూడోది కావాలె. ఒక రోజు పెంచితే 7 నెలలు ఆలస్యం అయితది, కాబట్టి 0.2 పెంచి 13.6 పెట్టు. 101వ నెల, 8వ ఏడు మూడో నెల, మూడు నాలుగు పేర్లు కలుస్తయి. తర్వాత 22వ ఏడు నాలుగో నెల, 36వ ఏడు ఆరో నెల, చక్రానికి 0.2 రోజు జరుగుతది గనుక. 40 ఏండ్ల కథల మూడు.

తూముకాడ
మూడోసారికి నీరడి మనవడు లెక్క చూస్తుంటడు. 13.6 రాసుకున్న.

పంచాంగం_పోరడు
13.6 అంటే పున్నమి దాటి నాలుగైదు గంటలు. సూర్యోదయం దానికి ముందా తర్వాతా చూసుకో, తేదీ మారుతది.